రెండువందల పదమూడో పుట

పదహారు పుటల ఫారాల్లో పద్నాలుగోది మడతకొచ్చిన సోమవారం పొద్దున్న, ప్రెస్సులో అడుగు పెడుతూనే గుమాస్తా చేతిరుమాలు ముక్కుకి అడ్డం పెట్టుకున్నాడు. వెనక గదిలో బైండరు అప్పుడే జిగురు ఉడికించి దించాడు. పిండిలో మైలుతుత్తం వేసి ఉడికిస్తే పుస్తకానికి పురుగు పట్టదు గానీ, ఆ వాసనకి మనిషి నిలబడలేడు.

“యుద్ధం చేసొచ్చినవాళ్లకి ఈ మాత్రం వాసన పడదేమిటండీ?” అంది ప్రెస్సు యజమానురాలు కాగితాల బొత్తి మీంచి తలెత్తకుండానే.

“నేను యుద్ధం చేసింది టైపు మిషనుతో కదండీ!” అన్నాడు గుమాస్తా. రోజూ అనే మాటే. రోజూ ఆయనే ముందు నవ్వుతాడు.

అబద్ధమేమీ కాదు. యుద్ధం జరిగినన్నాళ్లూ ఆయన పదాతిదళం ప్రధాన కార్యాలయంలో మూడో టైపిస్టు. అక్కడ కొట్టిన ప్రతి కాగితానికీ ఎడమవైపు అడుగున ‘టై-3’ అని గుర్తు ఉండేది. నలభై ఏళ్లు గడిచినా ఆ గుర్తు మీద మోజు తీరలేదు మనిషికి. ఇప్పుడు మాజీ సైనికుల సంఘం ఆ దళం చరిత్రని పుస్తకంగా వేయిస్తోంది. నాలుగువందల పుటలు. రెండేళ్లు కూర్చుని దస్త్రాలన్నీ తిరగేసి రాసింది ఈయనే. లోపలి అట్ట మీద ‘సంకలనకర్త’ అని పేరు పడుతుంది. ప్రూఫు చూసి ఇచ్చిన ప్రతి కాగితం మూలా మళ్లీ అదే గుర్తు, టై-3. ఆదివారం సభలో ఆవిష్కరణ. వేదిక మీద కుర్చీ కూడా ఖాయమైంది.

వెనక గదిలో బైండరు నేల మీద కూర్చుని ఫారాలు మడుస్తున్నాడు. కుడిచేతికి మూడు వేళ్లే. ఎముకతో చేసిన మడతబద్ద ఆ మూడు వేళ్ల మధ్య ఇరికించి, కాగితం మీద ఒక్క లాగు లాగితే చాలు, మడత కత్తితో కోసినట్టు పడేది. మిగతా రెండు వేళ్లూ యుద్ధంలో పోయాయని ప్రెస్సులో అందరికీ తెలుసు. ఏ పటాలంలో చేశావని ఎవరూ అడగలేదు. ఆయనా చెప్పలేదు.

“గుమాస్తాగారూ, ఒక్క నిమిషం ఇలా కూర్చుంటారా?”

“ఏమయ్యా, పుటలేమైనా తారుమారయ్యాయా?”

“అదేం లేదండి. ఈ బొమ్మ చూశాను.” ఒళ్లో ఉన్న ఫారం విప్పి చూపించాడు. నది మీద రేవు బొమ్మ. దాని ఎదర పుట రెండువందల పదమూడు. “ఈ రేవు నాకు తెలుసండి. నాది ఏడో పటాలం.”

గుమాస్తా చేతిరుమాలు మడిచి జేబులో పెట్టుకున్నాడు.

“మా గురించి రాసే ఉంటారుగా. ఒక్కసారి చదవండి. మీ నోట వినాలని ఉంది.”

ఆ రోజుల్లో జీతం పట్టీల నిండా వేలిముద్రలే. సిపాయిల్లో చదువొచ్చినవాళ్లు వందకి పదిమంది ఉంటే గొప్ప. ఇతనికి చదువు రాదన్నమాట అనుకున్నాడు గుమాస్తా. అలా అనుకోవడం ఆయనకి కాస్త ఊపిరి పీల్చుకునే వీలిచ్చింది కూడా.

కాగితం చేతిలోకి తీసుకున్నాడు. తొమ్మిదో పంక్తిలో ఉంది: ‘ఏడో పటాలం ఆజ్ఞ లేకుండానే రేవు విడిచి పారిపోయింది. తత్ఫలితంగా దళం యావత్తూ వెనక్కి తగ్గవలసి వచ్చింది.’ రాసింది ఆయనే. దిద్దింది ఆయనే. పక్కన టై-3 అని సంతకం పెట్టి అచ్చుకి పంపిందీ ఆయనే.

బైండరు కళ్లు మూసుకుని కూర్చున్నాడు. మూడు వేళ్ల చెయ్యి మోకాలి మీద బోర్లా పెట్టుకున్నాడు.

గుమాస్తా గొంతు సవరించుకుని చదివాడు. “రేవు దగ్గర ఏడో పటాలం చివరి తూటా అయిపోయేదాకా నిలబడింది. ఆ పటాలం చూపిన తెగువ దళం చరిత్రలో... దళం చరిత్రలో ఎన్నటికీ మరపురానిది.”

మడత పెట్టే ఆడవాళ్లిద్దరు పని ఆపి విన్నారు. ఒకామె “అబ్బ!” అంది.

బైండరు కళ్లు తెరవలేదు. “బాగుందండి. ఇంకోసారి చదువుతారా?”

లేని మాటని రెండోసారి చదవడం ఎంత కష్టమో చదివినవాడికే తెలుస్తుంది. కాగితం మీద చూద్దామంటే అక్కడ పారిపోయింది అని కనిపిస్తోంది, చెవుల్లో తన గొంతే మోగుతోంది. “ఏడో పటాలం రేవు దగ్గర ప్రాణాలకి తెగించి నిలబడింది,” అన్నాడు. “ఆ వీరుల త్యాగం దళం ఎన్నటికీ మరవదు.”

“చాలండి. శ్రమ ఇచ్చాను,” అని బైండరు ఫారం వెనక్కి తీసుకుని, బొమ్మ లోపలికి వచ్చేలా మడిచి, బద్దతో ఒక్క లాగు లాగాడు.

గుమాస్తా ముందు గదిలోకి వచ్చి యజమానురాలి దగ్గర గొంతు తగ్గించి అడిగాడు. “పద్నాలుగో ఫారం మళ్లీ వెయ్యడానికి వీలవుతుందా అండీ?”

“వెయ్యి ప్రతులూ అచ్చయి ఆరిపోయి మడతకెళ్లాక ఇప్పుడు గుర్తొచ్చిందా?” అంది ఆవిడ. “ఈ రకం కాగితం ఇంకో రీము కూడా లేదు. అయినా మీ సంఘం అధ్యక్షులవారు రాసిస్తే ఎక్కణ్ణుంచైనా తెప్పిస్తాను. ఏం, ఏమైంది?”

“ఏం లేదు. చిన్న సవరణ.”

చిన్నదట! ఆ మాట అన్నందుకు గుమాస్తా దారి పొడుగునా తనని తాను తిట్టుకుంటూ ఇంటికి వెళ్లాడు.

మంగళవారం సంఘం అధ్యక్షుడి ఇంటికి వెళ్లేసరికి ఆయన వరండాలో మోడా మీద కూర్చుని బూట్లు పాలిష్ చేసుకుంటున్నాడు. ఎనభై దగ్గరపడుతున్నా ఆ పని ఇంకొకరికి ఇవ్వడు. గుడ్డ చూపుడువేలికి చుట్టి, పాలిష్‌లో అద్ది, బూటు ముక్కు మీద చిన్న చిన్న సున్నాలు చుడుతున్నాడు. యుద్ధంలో ఆయన ప్రధాన కార్యాలయంలో అధికారి. ఆయన చెప్పేవాడు, గుమాస్తా టైపు కొట్టేవాడు.

“రావయ్యా. పుస్తకం అయిపోయినట్టేనా?”

“ఒక్క చోట మార్చాలి సార్. ఏడో పటాలం దగ్గర.”

“ఏడో పటాలమా? రేవు దగ్గర పారిపోయింది వాళ్లే కదూ?”

“పారిపోలేదు సార్. వెనక్కి రమ్మని మనమే ఆజ్ఞ పంపాం. సాయంత్రం నాలుగూ ఇరవైకి. మీరు చెప్పారు, నేను కొట్టాను.”

వేలు ఆగలేదు. బూటు మీద సున్నాలు తిరుగుతూనే ఉన్నాయి. “దస్త్రంలో ఉందా అది?”

“లేదు సార్. రేవు పోయిందని పైనుంచి గొడవయ్యాక తీసెయ్యమన్నారు. ఆ కాగితం వాళ్ల నాయకుడి జేబులోనే నదిలో పోయింది. మన దగ్గరున్న నకలు కాల్చేశాం.”

“ఎవరు తీసెయ్యమన్నారు?”

“మీరే సార్.”

ఆయన తలెత్తి చూశాడు. ఆ చూపులో కోపం లేదు. నిజంగానే మర్చిపోయాడో, మర్చిపోయినట్టు ఉండడం ఇన్నేళ్లలో అలవాటైపోయిందో గుమాస్తాకి అంతు పట్టలేదు.

“కాల్చింది ఎవరు?”

“నేనే సార్.”

“మరింకేం!” అని ఆయన రెండో బూటు అందుకున్నాడు. “ఆ పటాలంలో ఇంకా ఎవరు మిగిలారని? ఎవరైనా వచ్చి అడిగారా?”

అడిగారు సార్, జిగురు గిన్నె పక్కన కూర్చుని అడిగారు అని గుమాస్తా చెప్పి ఉండవలసింది. చెప్పకుండా పాలిష్ డబ్బా ఆయన దగ్గరికి జరిపాడు.

“ఆదివారం పదింటికల్లా వచ్చెయ్. నీ కుర్చీ నా పక్కనే వేయిస్తున్నాను.”

“అలాగే సార్.”

ఛీ! నలభై ఏళ్ల కిందట, నకలు కాల్చెయ్ అని ఆయనన్నప్పుడు తను ‘అలాగే సార్’ అని ఏ గొంతుతో అన్నాడో, ఇప్పుడూ అదే గొంతుతో అన్నాడు. వీధిలోకి వచ్చాక తల కొట్టేసినట్టయింది. ఎదురొచ్చిన ఇద్దరు ముగ్గురు నమస్కారం పెడితే, వాళ్లకి ప్రతినమస్కారం చెయ్యడానికి కూడా ముఖం చెల్లలేదు.

బుధవారం ప్రెస్సుకి వెళ్లకూడదనుకున్నాడు. కానీ అట్టల ప్రూఫు ఉంది, వెళ్లక తప్పలేదు. గుమ్మంలోనే నడివయసు మనిషి అడ్డం వచ్చింది. ఖాకీ చొక్కా, భుజాన తోలు సంచీ, చేతిలో నిన్నటి ఖాళీ క్యారియరు. బైండరు కూతురు. బస్సులో కండక్టరు. తండ్రికి భోజనం ఇచ్చి డ్యూటీకి పోతోంది.

“గుమాస్తాగారంటే మీరేనా? ఏం చదివి వినిపించారండీ మా నాన్నకి?”

గుమాస్తా దారి వదిలి పక్కకి జరిగాడు. “ఏం, ఏమన్నాడు?”

“ఏమీ అనడు, అదే బాధ. సోమవారం నుంచి నోట్లో ముద్ద దిగట్లేదు. ఒక్కడే కూర్చుని నవ్వుకుంటాడు. ఏమిటి నాన్నా అంటే, ‘గుమాస్తాగారు బాగా చదివారు’ అంటాడు. ఆ ఒక్క ముక్క తప్ప ఇంకేం బయటికి రాదు. యుద్ధం మాట మా ఇంట్లో ఎత్తకూడదు కదా, నేనూ ఎక్కువ అడగలేదు.”

సంతోషం పట్టలేకపోతున్నాడు కాబోలు, పాపం, అనుకున్నాడు గుమాస్తా. ఆ సంతోషం తన నోట పుట్టిన అబద్ధం.

“ఎనిమిది నెలలు జైల్లో పెట్టారండీ ఆయన్ని, పారిపోయాడని,” అంది ఆమె, సంచీ భుజం మార్చుకుంటూ. “నా చిన్నప్పుడు బడిలో నన్ను పేరు పెట్టి పిలిచినవాళ్లు తక్కువ. పారిపోయినోడి కూతురనే పిలుపు. మీ పుస్తకంలో మా వాళ్ల గురించి మంచిగా రాశారని ఇక్కడి ఆడవాళ్లు చెప్పారు. ఆదివారం సెలవు పెట్టాను. పుస్తకం చేతికి రాగానే మా వీధి మధ్యలో నిలబడి చదువుతాను. ఎవరు వినరో చూస్తాను!”

ఆమె గబగబా మెట్లు దిగి వెళ్లిపోయింది. గుమాస్తా ఆ గుమ్మం దగ్గరే నిలబడిపోయాడు. వీధి మధ్యలో ఆమె పుస్తకం తెరవడం, రెండువందల పదమూడో పుట తియ్యడం, గొంతెత్తి మొదలుపెట్టి తొమ్మిదో పంక్తి దగ్గర ఆగిపోవడం కళ్లకి కట్టింది. లోపల్నుంచి యజమానురాలు “అట్ట చూస్తారా, గడపకి కాపలా కాస్తారా?” అని కేకేస్తే గానీ కదల్లేదు.

గురువారం పొద్దున్నే పాత టైపు మిషను పెట్టె అటక మీంచి దింపాడు. మూతకి లోపల అంటించిన బట్ట ఒక మూల ఊడి ఉంది. అందులో వేళ్లు పెట్టి ఒక నల్లకాగితం బయటికి లాగాడు.

“ఆ కార్బను కాగితం ఎందుకండీ? చేతులు పాడవుతాయి,” అంది భార్య. “అది వాడేదేనా?”

“ఒక్కసారే వాడాను.”

ఆ రోజు కొత్త కార్బను. ఆజ్ఞ ఒక్కటే దాని మీద కొట్టాడు. కాగితాలు కాల్చెయ్యమంటే కాల్చాడు గానీ, కార్బను సంగతి ఎవరికీ తట్టలేదు. టైపు కొట్టేవాడికి తడుతుంది. ఒక్కసారే వాడిన కార్బనుని వెలుతురుకి పట్టుకుంటే కొట్టిన ప్రతి అక్షరం కనిపిస్తుందని వాడికి తెలుసు. గుమాస్తా కిటికీ దగ్గరికి వెళ్లి పట్టుకున్నాడు. నలుపు మధ్య సన్నగా వెలుగు అక్షరాలు: ఏడో పటాలం తక్షణం రేవు విడిచి వెనక్కి రావలెను. సాయంత్రం 4.20. కింద ఎడమ పక్కన టై-3.

“ఇన్నేళ్లూ ఎందుకు దాచారు మరి?”

“పారేయడానికి చెయ్యి రాక.”

“ఇవ్వడానికి?”

భార్య మామూలుగానే అడిగింది. అడిగి వంటింట్లోకి వెళ్లిపోయింది. గుమాస్తా కలం అందుకున్నాడు.

మధ్యాహ్నం దాకా కూర్చుని ఒక చిన్న కాగితం రాశాడు. రాశాడు, చింపాడు, మళ్లీ రాశాడు. నాలుగువందల పుటలు రాసిన మనిషికి నాలుగు పంక్తులు కుదరలేదంటే నమ్ముతారా? అయిదోసారికి ఒక రూపానికి వచ్చింది. తీసుకెళ్లి యజమానురాలి బల్ల మీద పెట్టాడు. “తప్పొప్పుల పట్టిక అండీ. వెయ్యి చీటీలు కావాలి. పుట దగ్గర అంటించాలి.”

“తప్పొప్పుల పట్టిక లేకుండా మా ప్రెస్సు గడప దాటిన పుస్తకం ఏదుంది గనక!” అని ఆవిడ నవ్వుతూ కళ్లజోడు సర్దుకుంది. చదివింది. నవ్వు పోయింది. ఇంకోసారి చదివింది.

“మీ అధ్యక్షులవారు చూశారా?”

“అచ్చుకి అనుమతి ఇచ్చేది నేను.”

“ఆదివారం మిమ్మల్ని వేదిక ఎక్కనిస్తారంటారా?”

“ఎక్కనివ్వకపోతే కిందే కూర్చుంటానండి.”

ఆవిడ కాగితం తీసుకుని లేచింది. స్వయంగా కూర్చుని అక్షరాలు పేర్చింది. సాయంత్రానికి చీటీలు అచ్చయిపోయాయి. పెద్ద మిషను ఖాళీ లేకపోతే చేతి మిషను మీదే తీయించింది. తీసిన వెంటనే అచ్చు అక్షరాలు విడగొట్టి ఎక్కడివక్కడ గళ్లలో వేసేశారు, పెళ్లి శుభలేఖల పని ఆగి ఉందని.

శుక్రవారం గుమాస్తా చీటీల కట్ట చంకన పెట్టుకుని, కార్బను కాగితం ఒక కవరులో పెట్టుకుని వెనక గదిలోకి వెళ్లాడు. కుట్టిన పుస్తకాలు గోడ వారగా నడుమెత్తు పేర్చి ఉన్నాయి. మడత పెట్టే ఆడవాళ్ల పని అయిపోయింది. బైండరు ఒక్కడే. పుస్తకం వెన్ను మీద జిగురు రాసి గుడ్డ అంటిస్తున్నాడు.

గుమాస్తా కుర్చీ కోసం వెతకలేదు. ఆయన ఎదురుగా నేల మీదే కూర్చున్నాడు. పంచె నలుగుతుందని కూడా చూసుకోలేదు.

“సోమవారం నేను చదివింది ఆ పుటలో లేదు,” అన్నాడు.

బైండరు కుంచె గిన్నెలో పెట్టాడు. “తెలుసండి.”

“తెలుసా?”

“మడత పెడుతున్నప్పుడే చదివాను. చదివాకే మిమ్మల్ని పిలిచాను.” చేతికంటిన జిగురు గుడ్డకి తుడుచుకుంటూ చెప్పాడు. “జైల్లో చదువు నేర్చుకున్నానండి. ఎనిమిది నెలలు వేరే పనేముంది? నా మీద ఆరోపణ కాగితం ఇచ్చారు. అందులో ఏముందో ఇంకొకడు చదివి చెబితే నమ్మబుద్ధి కాలేదు. నా కళ్లతో చదవాలనిపించింది. నేర్చుకోగానే మొట్టమొదట చదివింది అదే. కింద ఎడమ పక్కన టై-3 అని ఉంది. మీ ప్రూఫులు మొదలైన రోజే వాటి మూల మళ్లీ కనిపించింది.”

గుమాస్తా తల దించుకున్నాడు. సిగ్గు అనేది ఇంతకుముందు తనకి తెలుసనుకున్నాడు. అదేం కాదు. ఇన్నాళ్లూ ఎవరికీ తెలియని తప్పుకి తనొక్కడే సిగ్గుపడుతున్నానని అనుకుని, దానికి కూడా లోపల్లోపల కాస్త గొప్పపడ్డాడు. ఎదుటి మనిషికి మొదట్నుంచీ తెలుసు. తెలిసీ రోజూ నమస్కారం పెట్టాడు.

“మరి చదవమని ఎందుకు అడిగారు?” అన్నాడు. ఇన్నాళ్లూ ‘ఏమయ్యా’ అన్నవాడు ‘మీరు’లోకి మారిన సంగతి తనకే తెలియలేదు.

“ఉన్నది ఉన్నట్టు చదువుతారేమోనని. చదివితే ఆ మాట నా మొహం మీద అనడానికి మీకు నోరొచ్చిందనుకుందును. చదవకుండా ఊరుకుంటే అదో రకం. ఇలా చేస్తారనుకోలేదు.” కొంచెం నవ్వాడు. “రెండోసారి చదివినప్పుడు తూటాల మాట మర్చిపోయారు.”

గుమాస్తా కవరులోంచి కార్బను తీసి ఇచ్చాడు. బైండరు దాన్ని జాగ్రత్తగా అంచులు పట్టుకుని కిటికీ వైపు తిరిగాడు. పెదవులు కదిలాయి. చాలాసేపు పట్టుకునే ఉన్నాడు.

“నాలుగూ ఇరవై,” అన్నాడు. “మాకు అందేసరికి అయిదయింది. మా నాయకుడు గట్టిగా చదివి వినిపించాడండి. నేను విన్నాను. విన్నానని చెబితే అక్కడ ఒక్కడూ నమ్మలేదు. ఆ తరవాత్తరవాత, విన్నానా లేదా అని నాకే అనుమానం వచ్చింది.” కార్బను వెనక్కి ఇవ్వకుండా కవరులో పెట్టి చొక్కా జేబులో దోపుకున్నాడు. గుమాస్తా అడగలేదు.

“ఈ చీటీ ప్రతి పుస్తకంలోనూ అంటించాలి,” అన్నాడు కట్ట ముందుకు జరుపుతూ.

బైండరు ఒక చీటీ తీసుకుని చదివాడు. ‘పుట 213, పంక్తి 9: ఆజ్ఞ లేకుండానే రేవు విడిచి పారిపోయింది అన్నచోట, దళ ప్రధాన కార్యాలయం ఆజ్ఞ మేరకు వెనక్కి వచ్చింది అని చదువుకోవాలి. ఆ ఆజ్ఞను టైపు చేసినదీ, దాని నకలును పొరపాటున తొలగించినదీ ఈ సంకలనకర్తే.’

చదవడం అయిపోయాక కుంచె అందుకోలేదు. చీటీ మోకాలి మీద పెట్టుకుని మడతబద్దతో ఒక మాట మీద ఆనించాడు.

“పొరపాటున అని వేశారేమండీ?”

గుమాస్తా చీటీ అందుకోబోయాడు, బైండరు వదల్లేదు.

“అప్పుడు మీ వయసెంత?”

“ఇరవై రెండు.”

“మీరు కాలుస్తున్నది ఏమిటో తెలియకుండా కాల్చారా?”

“తెలుసు.”

“కాలిస్తే మాకేమవుతుందో?”

“తెలుసు,” అన్నాడు గుమాస్తా. “అంతా తెలుసు. భయపడ్డాను.”

“మరి అదే రాయండి,” అన్నాడు బైండరు. “ఇది మాత్రం నేను అంటించను.”

ముందు గదిలో అక్షరాలు గళ్లలోకి వెళ్లిపోయాయి. మిషను మీద శుభలేఖలు నడుస్తున్నాయి, చీటీలు మళ్లీ అచ్చు వేయించే వీల్లేదు. గుమాస్తా జేబులోంచి కలం తీశాడు. నేల మీద ఒక అట్టముక్క పెట్టుకుని, మొదటి చీటీలో ‘పొరపాటున’ అన్న మాటని ఒకే గీతతో కొట్టేశాడు. పైన ‘తెలిసే, భయపడి’ అని రాశాడు. చెయ్యి అక్కడ ఆగింది.

“గుర్తు?” అన్నాడు బైండరు. “అప్పుడు వేశారుగా.”

ఎడమ పక్కన అడుగున టై-3 అని వేశాడు. ఇన్నేళ్లలో మొదటిసారి ఆ చిన్న గుర్తు వెయ్యడం బరువైంది. సిరా ఆరేదాకా బైండరు ఆగాడు. ఆరాక చీటీ అంచుకి గడ్డిపరక మందాన జిగురు రాసి, రెండువందల పదమూడో పుట లోపలి వైపు పెట్టి, బద్దతో అదిమాడు. తొమ్మిదివందల తొంభై తొమ్మిది మిగిలాయి.

ముప్పై నలభై అయ్యాయో లేదో గుమ్మంలో తోలు సంచీ చప్పుడు వినిపించింది. కూతురు క్యారియరుతో వచ్చి, నేల మీద కూర్చుని రాస్తున్న గుమాస్తాని చూసి ఆగిపోయింది.

“అదేమిటి, ఆయన చేత పని చేయిస్తున్నావా నాన్నా?”

“ఆయన పనే అమ్మా,” అన్నాడు బైండరు. చీటీ అంటించిన పుస్తకం ఒకటి తీసి, ఆ పుట దగ్గర తెరిచి గుమాస్తా చేతిలో పెట్టాడు. “కూర్చో. గుమాస్తాగారు చదువుతారు.”

గుమాస్తా ఆమె మొహంలోకి చూశాడు. ఆమె ఆదివారం వీధిలో చదవబోయేది ఇదే. ముందు అచ్చులో ఉన్నది చదివాడు, పారిపోయింది అన్న మాటతో సహా. ఆమె మొహం నల్లబడింది, సంచీ పట్టుకున్న చెయ్యి బిగిసింది. తరవాత చీటీ చదివాడు. కొట్టేసిన మాట కూడా చదివి, కొట్టేశానని చెప్పి, పైన రాసింది చదివాడు. కింద గుర్తు చదివాడు. అవతల మిషను నడుస్తూనే ఉంది.

బైండరు కళ్లు మూసుకుని విన్నాడు.

“ఇంకోసారి చదవండి,” అన్నాడు.

గుమాస్తా చదివాడు. ఈసారి ఒక్క మాటా మారలేదు.